అవార్డును ‘పక్కన పెట్టడమైనది’ అంటే?

సందేహం: సహకార సంఘంలో అప్పు వివాదం గురించి మా నాన్నకు ఒక కాగితం వచ్చింది. అందులో ‘ఏకపక్ష అవార్డు పక్కన పెట్టడమైనది’ అని ఉంది. అంటే వసూలు ఆగినట్టా, వాయిదా పడినట్టా? పక్కన పెట్టడం, రద్దు, కొట్టివేత ఒకటేనా? మధ్యవర్తి తానిచ్చిన అవార్డును తానే తీసేయవచ్చా?
– ఒక పాఠకుడు, ఆదోని

సమాధానం: ఆ వాక్యంలో మూడు మాటలూ చిక్కువే. ‘అవార్డు’ ఇక్కడ బహుమతి కాదు, వివాదం మీద ఇచ్చిన తీర్పు. ముందు ‘పక్కన పెట్టడం’ సంగతి. ఇది ఇంగ్లీషు కోర్టు మాటకు ముక్కకు ముక్క తెచ్చిన తెలుగు. విత్తనానికని బుడ్డలు పక్కన పెడతాం, ఫీజుకని డబ్బు పక్కన పెడతాం. పక్కన పెట్టినది పోదు, మళ్లీ తీస్తాం. అందుకే మీకు వాయిదా అనిపించింది. అది మీ తప్పు కాదు. ఆ కాగితం చెప్పదలచినది రద్దు. అంటే ఆ అవార్డుకు ఇక బలం లేదు, దాన్ని పట్టుకుని జప్తుకు రాకూడదు. అప్పు మాత్రం మాఫీ కాలేదు, వివాదం ఇంకా తేలాలి.

‘రద్దు’ అరబ్బీ నుంచి ఉర్దూ మీదుగా మనకు వచ్చిన మాట. దావా, వకాల్తా, జప్తు, అమలు కూడా అలా వచ్చినవే. సీమలో కోర్టు గడప తొక్కని వారికీ ఇవి తెలుసు. చలామణిలో ఉన్న ఇలాంటి మాటను వదిలి కొత్తది కట్టనక్కరలేదు.

‘కొట్టివేత’ దగ్గర మాత్రం చాలా జాగ్రత్త కావాలి. దాని ఫలితమంతా విభక్తి మీద ఆధారపడి ఉంది. ఈ రెండు వాక్యాలు చూడండి:

అవార్డుపై అప్పీలును కొట్టివేశారు.
అప్పీలులో అవార్డును కొట్టివేశారు.

మాటలు అవే. మొదటిదానిలో అప్పీలు పోయి అవార్డు నిలిచింది, బాకీ కట్టాలి. రెండోదానిలో అవార్డే పోయింది. ‘ను’ ఏ మాటకు తగిలిందో అదే పోయినట్టు. ‘అవార్డు అప్పీలు కొట్టివేయబడినది’ అని విభక్తులు మింగి రాస్తే చదివేవాడు ఏమనుకోవాలి? నా సలహా ఒకటే: దావా, పిటిషను, అప్పీలు అయితే ‘కొట్టివేత’, అవార్డు, తీర్పు, ఉత్తర్వు అయితే ‘రద్దు’. ఈ హద్దు పాటిస్తే తికమక ఉండదు.

ఇక ‘ఏకపక్షం’. ఈ రోజు తెలుగులో ఏకపక్ష తీర్పంటే పక్షపాతపు తీర్పనే అర్థం. ఇక్కడ ఉద్దేశం అది కాదు, ప్రతివాది హాజరు కానప్పుడు ఇచ్చిన అవార్డని. మన కోర్టుల దగ్గర ‘ఎక్స్‌పార్టీ అయిపాయ’ అనేది దీన్నే. ‘గైర్హాజరీ అవార్డు’ అంటే సరిపోతుంది. పిటిషనులో ‘ఏకపక్షంగా ఇచ్చారు’ అని రాస్తే మధ్యవర్తి మీద నింద వేసినట్టవుతుంది. ‘నాకు నోటీసు అందలేదు’ అన్న అసలు కారణం మరుగున పడుతుంది.

మీ చివరి ప్రశ్నకు జవాబు ఈ తేడాలోనే ఉంది. ఆంధ్రప్రదేశ్ సహకార సంఘాల చట్టం, 1964 ప్రకారం వివాదం 61వ సెక్షను కింద రిజిస్ట్రారు ముందుకు వెళ్తుంది. 62వ సెక్షను కింద ఆయనే తేల్చవచ్చు, మధ్యవర్తికీ అప్పగించవచ్చు. అవార్డు ఇచ్చాక మధ్యవర్తి పని తీరినట్టే. వడ్డీ లెక్క తప్పు, సాక్ష్యం సరిగా చూడలేదు అని ఆయన దగ్గరికే వెళ్లి తీర్పు మార్చమనడం కుదరదు. దానికి 76వ సెక్షను కింద ట్రిబ్యునలుకు అప్పీలు ఉంది, గడువు ఉత్తర్వు అందిన నాటి నుంచి 60 రోజులు. నోటీసే అందలేదన్నది వేరు సంగతి. అప్పుడు కోరేది తీర్పు మార్చమని కాదు, మా మాట వినమని. పారిశ్రామిక వివాదాల ట్రిబ్యునలు గురించి సుప్రీంకోర్టు 1980లో ఈ గీతే గీసింది: సరైన కారణం వల్ల హాజరు కాలేకపోయిన వారి మీద ఇచ్చిన అవార్డును ట్రిబ్యునలే తీసేసి మళ్లీ వినవచ్చు, గుణదోషాలను తిరగదోడాలంటే మాత్రం చట్టం ఆ అధికారాన్ని విడిగా ఇచ్చి ఉండాలి. మధ్యవర్తి ముందు వేసే పిటిషనులోనూ నిలబడే వాదన ఇదే. అయితే దాని ఫలితం కోసం చూస్తూ ఆ 60 రోజులు పోగొట్టుకోవద్దు.

అంకె తప్పో పేరు తప్పో దిద్దితే అది ‘సవరణ’, రద్దు కాదు.

ఉత్తర్వులో ‘రద్దు చేయబడినది’ అని కర్మణిలో రాస్తే చేసిందెవరో తెలియదు. మధ్యవర్తి రద్దు చేస్తే మళ్లీ ఆయన ముందే విచారణ, ట్రిబ్యునలు చేస్తే తర్వాతి దారి ఆ ఉత్తర్వులోనే చూసుకోవాలి. మీ నాన్నగారి కాగితం మధ్యవర్తి ఇచ్చినదైతే ఇలా ఉండాల్సింది: ‘ప్రతివాదికి నోటీసు అందలేదని తేలినందున, ఆయన గైర్హాజరీలో నేను ఇచ్చిన అవార్డును రద్దు చేసి, వివాదాన్ని తిరిగి విచారణకు తీసుకుంటున్నాను.’ దీని కింద వాయిదా తేదీ కూడా ఉండాలి. మీ కాగితంలో ఆ తేదీ ఉందేమో చూడండి. ఉంటే ఆ రోజు తప్పక హాజరు కమ్మనండి.