డాక్యుమెంటరీ అమ్ముడుపోయేదాకా ఇల్లు గడిచేదెలా?

ప్రశ్న: నాకు 38 ఏళ్లు. హైదరాబాద్‌లో ఉంటాం. క్రీడాకారుల మీద టీవీ డాక్యుమెంటరీలు తీస్తాను. ఉద్యోగం కాదు, ఏ ప్రాజెక్టు ఫీజు ఆ ప్రాజెక్టుకే. కిందటేడాది అయిదు నెలలు పని లేదు. ఇంటి ఖర్చు నెలకు రూ.55 వేలు. ఎఫ్‌డీలో రూ.3 లక్షలు, మ్యూచువల్ ఫండ్లలో రూ.4 లక్షలు ఉన్నాయి. తెలిసినవారి దగ్గర నూటికి రెండు రూపాయల వడ్డీకి రూ.12 లక్షలు తెచ్చి, మన వెయిట్‌లిఫ్టర్ల మీద సొంతంగా డాక్యుమెంటరీ తీసి ఛానల్‌కు అమ్మాలనుకుంటున్నా. ఆ ఫండ్లలో నెలనెలా కట్టే రూ.10 వేల సిప్ కొనసాగించాలా?

జవాబు: సిప్ సంగతి తర్వాత. ముందు ఆ అప్పు మానుకోండి. నెలకు రూ.24 వేలు వడ్డీకే పోతుంది, అసలు అలాగే ఉంటుంది. కిందటేడాదిలా మళ్లీ అయిదు నెలలు ఖాళీగా ఉంటే ఇంటికీ వడ్డీకీ కలిపి రూ.3.95 లక్షలు కావాలి. మీ ఎఫ్‌డీ నాలుగు నెలలు కూడా రాదు. అప్పు లేకపోతే అదే ఎఫ్‌డీతో అయిదు నెలలూ గట్టెక్కుతారు.

పైగా, సిడ్నీలో 2000లో కరణం మల్లీశ్వరి 240 కిలోలు ఎత్తి కాంస్యం గెలిచిన దృశ్యాలు లేకుండా ఈ కథ ఎలా చెబుతారు? ఆ ఫుటేజీ హక్కులు అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీవి. లైసెన్సు ఫీజు మీ 12 లక్షల లెక్కలో వేశారా? వేయకపోతే సగంలో మరో అప్పు తప్పదు.

ప్రాజెక్టుల మీద బతికే కెమెరామెన్, ఎడిటర్లు, దర్శకులు చాలామంది చేసే పొరపాటే మీదీ. ఏడాది ఫీజుల్ని పన్నెండుతో భాగించి, అదే జీతం అనుకుంటారు. 2020లో షూటింగులు ఆగాయి, టోక్యో ఒలింపిక్సే ఏడాది వాయిదా పడ్డాయి. అప్పుల మీద వడ్డీ మాత్రం పెరుగుతూనే ఉంది. ఉద్యోగులకు ఆరు నెలల ఖర్చు పక్కన పెట్టుకోమంటాను. మీకు పన్నెండు నెలలది ఉండాల్సిందే, అంటే రూ.6.60 లక్షలు. ఎఫ్‌డీ పోగా ఇంకా రూ.3.60 లక్షలు కావాలి. వచ్చే ప్రాజెక్టు ఫీజులోంచి, మరే ఖర్చూ పెట్టకముందే, రూ.2.40 లక్షలు తీసి పక్కన పెట్టండి. సిప్ ఏడాది ఆపి ఆ రూ.10 వేలూ ఇందులోకే మళ్లించండి. ఫీజులోంచి ముందే కోసుకున్న పన్ను (టీడీఎస్) రిఫండ్‌గా తిరిగి వచ్చినా ఇందులోకే. ఈ నిధి నిండేదాకా కొత్త కెమెరా, లెన్సు కొనొద్దు.

ఆరోగ్య బీమా మాటే రాయలేదు. మీకు కంపెనీ పాలసీ ఉండదు కదా! లేకపోతే ఇంటిల్లిపాదికీ కలిపి వర్తించే రూ.10 లక్షల ఫ్యామిలీ ఫ్లోటర్ ఈ నెలలోనే తీసుకోండి, జీవిత బీమాకు టర్మ్ పాలసీ కూడా. ఫండ్లను కదపొద్దు.

డాక్యుమెంటరీ వద్దనడం లేదు. అయిదు నిమిషాల నమూనా తీసి ఛానళ్లకు చూపించండి. ఒప్పందం మీద సంతకమై, అడ్వాన్సు ఖాతాలో పడ్డాకే షూటింగ్ తేదీలు ఖాయం చేయండి.