కారుణ్య నియామకానికి ఎవరు అర్హులు? మరిదికి ఇప్పించవచ్చా?

ప్రశ్న: మా వారు ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వ కార్యాలయంలో రికార్డు అసిస్టెంటుగా పనిచేస్తూ నాలుగు నెలల క్రితం చనిపోయారు. అమ్మాయికి పెళ్లయింది. ఇంటర్ రెండో సంవత్సరం చదువుతున్న అబ్బాయికి అప్పటికే పదహారేళ్లు నిండాయి. నేను పదో తరగతి పాసయ్యాను. ఉద్యోగి చనిపోతే కుటుంబంలో ఒకరికి కారుణ్య నియామకం కింద ఇచ్చే ఉద్యోగం తనకు ఇప్పిస్తే మమ్మల్ని చూసుకుంటానని మా మరిది అంటున్నారు. అబ్బాయి పెద్దయ్యేదాకా ఆగమని బంధువులు చెబుతున్నారు. ఏం చేయాలి?
– ఒక తల్లి, ప్రకాశం జిల్లా

జవాబు: అమ్మా, ముందుగా మీ మరిది సంగతి. ఆయనకు ఈ ఉద్యోగం రాదు. చనిపోయిన ఉద్యోగి అవివాహితుడైతేనే, అతనిపై ఆధారపడిన తమ్ముణ్ణో చెల్లెల్నో పరిగణనలోకి తీసుకుంటారు. పెళ్లయిన ఉద్యోగి విషయంలో అర్హులు భార్య లేదా భర్త, కుమారుడు, కుమార్తె మాత్రమే. మీరు ఇష్టపూర్వకంగా రాసిచ్చినా ఆ నిబంధన మారదు కనుక, ఈ విషయంలో ఎవరి ఒత్తిడికీ లొంగి సంతకాలు చేయకండి.

ఈ పథకానికి ఆధారమైన 1977 అక్టోబరు 3 నాటి జీవో 687 ఉద్దేశం, సంపాదించే మనిషిని హఠాత్తుగా కోల్పోయిన ఇల్లు కూలిపోకుండా చూడటం. కారుణ్య నియామకం వారసత్వ హక్కు కాదని, కుటుంబం తక్షణ ఆర్థిక సంక్షోభం నుంచి బయటపడేందుకే దీన్ని ఉద్దేశించారని సుప్రీంకోర్టు 1994లో ఉమేశ్‌కుమార్ నాగ్‌పాల్ కేసులో స్పష్టం చేసింది. కుటుంబంలో వేరొకరు సంపాదిస్తున్నారా అని అధికారులు అంత పట్టుగా విచారించడానికి కారణం ఇదే.

మీ అమ్మాయి విషయం కొంత చిక్కైనది. 1999 జూలై 30 నాటి జీవో 350 ప్రకారం, తోబుట్టువులు లేని వివాహిత కుమార్తెను, తల్లి ఉద్యోగం వద్దన్నప్పుడు, ఆమె తండ్రిపై ఆధారపడి ఉంటేనే పరిగణిస్తారు. మీకు కుమారుడు ఉన్నాడు కనుక ఆ జీవో ఆమెకు తోడ్పడదు. పెళ్లి అయిందన్న ఒక్క కారణంతో కుమార్తెను పక్కన పెట్టకూడదని కర్ణాటక హైకోర్టు 2020లో చెప్పిన తీర్పుతో సుప్రీంకోర్టు 2021లో ఏకీభవించింది. న్యాయంగా చూసినా అదే సబబని నా అభిప్రాయం. అయితే దాన్ని నమ్ముకుని ఇప్పుడు కోర్టుకు వెళితే, మీకు ఆదాయం అవసరమైన కాలమంతా వాయిదాల్లోనే గడిచిపోతుంది.

ఇక అబ్బాయి. ఉద్యోగి మరణించిన రెండేళ్లలోగా పద్దెనిమిదేళ్లు నిండే పిల్లలను పరిగణిస్తారు కనుక మీవాడు ఆ గడువులోపలే ఉన్నాడు. అయినా అతని కోసం ఆగమని నేను చెప్పను. దాదాపు రెండేళ్లు ఇల్లు గడవాలి, ఆ తర్వాత అతను చదువు మధ్యలో వదిలి చిన్న పోస్టులో చేరాలి. ఈ పథకం కింద గరిష్ఠంగా ఇచ్చేది జూనియర్ అసిస్టెంటు పోస్టు, దానికి సాధారణ అర్హత డిగ్రీ. ఒకసారి నియామకం స్వీకరించాక, ఇంకా పెద్ద పోస్టు కావాలని మళ్లీ ఇదే కారణంతో అడిగే హక్కు ఉండదని కూడా సుప్రీంకోర్టు చెప్పింది.

అందుచేత దరఖాస్తు మీరే చేయండి. మీ చదువుకు ఆఫీస్ సబార్డినేట్ పోస్టు వస్తుంది. జీతం మీ చేతికే వస్తుంది, అబ్బాయి నిశ్చింతగా డిగ్రీ చదువుకుంటాడు. ఇన్నేళ్లు ఇల్లు నడిపిన మీకు ఆఫీసు పని రాదని ఎవరైనా అంటే నమ్మకండి.

దరఖాస్తును మీ వారు పనిచేసిన కార్యాలయంలోనే, మరణించిన తేదీ నుంచి ఏడాదిలోగా ఇవ్వాలి. మరణ ధ్రువీకరణ పత్రం, తహసీల్దారు ఇచ్చే కుటుంబ సభ్యుల ధ్రువీకరణ పత్రం, కుటుంబంలో సంపాదనపరులు లేరన్న పత్రం, మీ పదో తరగతి సర్టిఫికెట్, మీకు ఉద్యోగం ఇవ్వడానికి అభ్యంతరం లేదని మిగతా కుటుంబ సభ్యులు ఇచ్చే అఫిడవిట్ జతచేయండి. ఫ్యామిలీ పెన్షన్ దరఖాస్తు వేరు, దాన్ని దీనికోసం ఆపవద్దు. ఆ శాఖలో ఖాళీ లేదంటే, కలెక్టరు ద్వారా జిల్లాలోని మరో శాఖకు కేటాయించే వీలుంది. ఆ మేరకు ప్రతిపాదన పంపమని రాతపూర్వకంగా అడగండి. ఇచ్చిన ప్రతి కాగితానికీ తేదీతో, ముద్రతో రసీదు తీసుకోండి.