ఆ రోబో గొంతును తీసేయకు తల్లీ

చిరంజీవి సుజాతకు,

పెద్దనాన్న ఆశీస్సులు. తెర మీది అక్షరాలను చదివి వినిపించే ఎన్‌వీడీఏ సాఫ్ట్‌వేర్‌లో ఆ రోబో గొంతు వింటే తలనొప్పి వస్తోందని, మనిషిలా చదివే గొంతు పెట్టుకుంటానని ఫోన్‌లో అన్నావు. నవలలు వినడానికి తప్పకుండా పెట్టుకో. బ్యాంకు పరీక్షల చదువుకి మాత్రం ఈస్పీక్ అనే ఆ రోబో గొంతును వదలొద్దు. చూపు లేని నాకు ఇన్నేళ్లూ ఉద్యోగం చేసిపెట్టింది అలాంటి గొంతే.

ఈస్పీక్ ఎవరో చదివిన మాటలను అతికించి చేసింది కాదు. ముందు అక్షరాలను నియమాల ప్రకారం ధ్వనులుగా మార్చుకుంటుంది. నోట్లో ఏ ధ్వని ఎలా మోగుతుందో లెక్కగట్టి అప్పటికప్పుడు పుట్టిస్తుంది. 'స' లాంటి ఊపిరి శబ్దాలకే చిన్న రికార్డింగు తునకలు వాడుతుంది. అందుకే తెలుగుతో సహా ఎన్నో భాషలు కొద్ది ఎంబీల్లోనే ఇమిడిపోయాయి. నెట్ అక్కర్లేదు. మీట నొక్కగానే పలుకుతుంది, స్పీడు బాగా పెంచినా మాట అంత తేలిగ్గా ముద్దయిపోదు.

ఇలాంటి గొంతులకు పునాది వేసినవాళ్లలో అమెరికాలోని ఎంఐటీ శాస్త్రవేత్త డెనిస్ క్లాట్ ఒకరు. 1980ల మొదట్లో వచ్చిన, రాసింది చదివే యంత్రం డెక్‌టాక్ ఆయన పరిశోధన ఫలితమే. 1985లో ఆపరేషన్ వల్ల మాట పోయిన స్టీఫెన్ హాకింగ్‌దీ క్లాట్ సొంత గొంతు నమూనాగా చేసిన స్వరమే. తర్వాత ఎన్ని కొత్తవి వచ్చినా 2018లో చనిపోయేదాకా హాకింగ్ దాన్నే తన గొంతనుకున్నారు.

ఇక నువ్వు చేయాల్సింది. ఇన్‌సర్ట్, కంట్రోల్, వి కలిపి నొక్కితే స్పీచ్ సెట్టింగ్స్ వస్తాయి. వేరియంట్లు, అంటే ఆ గొంతులోని రకాలు, ఒక్కొక్కటే మార్చి విను, చెవికి గుచ్చుకోనిది ఒకటి దొరుకుతుంది. పిచ్ కాస్త తగ్గించు. తర్వాత నీకు బాగా తెలిసిన పాఠం పెట్టుకుని, అలవాటైనకొద్దీ రేటు, అంటే స్పీడు, పెంచుతూ పో. కొత్త పాఠంతో మొదలుపెడితే అర్థం కానిది స్పీడో, విషయమో తెలియక టెన్షన్ పడతావు.

అంకెల దగ్గర మాత్రం తొందరపడకు. వేగంలో ఫిఫ్టీన్, ఫిఫ్టీ ఒకేలా వినిపిస్తాయి, తెలుగులో 'వేల', 'వేళ' కూడా అంతే. అనుమానం వస్తే ఆగి, బాణం మీటతో ఒక్కో అక్షరం విను.

ఇంకొకటి. ఎన్‌వీడీఏ టూల్స్ మెనూలో పోర్టబుల్ కాపీ తయారుచేసుకుని పెన్‌డ్రైవ్‌లో ఉంచుకో. గొంతు కూడా అందులోనే వస్తుంది. కాలేజీ ల్యాబులో ఏమీ ఇన్‌స్టాల్ చేయనివ్వకపోయినా నీ పని ఆగదు.

ఆశీస్సులతో,
పెద్దనాన్న