కాలానికి పటం గీసే వృత్తి ఉంటే ఆ పండితులు ఏం చేస్తారు?

భూమికి పటాలు గీసేవారున్నట్టే కాలానికి పటాలు గీసే పండితులుంటే వారి పని ఎలా ఉంటుంది, వారికి ఏమేమి తెలిసి ఉండాలి అన్నది మీ ప్రశ్న. ఆ పేరుతో ఉద్యోగం లేదు కాని, అందులో ఒక భాగమనదగిన పనిని, అంటే శాసనాలలోని తిథివార నక్షత్రాలను ఇప్పటి తేదీలతో సరిచూడడాన్ని, నేను కొన్నేళ్లుగా చేస్తున్నాను. అందువల్ల ఆ అనుభవం నుంచే జవాబు రాస్తున్నాను.

రాజరాజ నరేంద్రుడి పట్టాభిషేక కాలాన్ని తెలిపే కోరుమిల్లి తామ్రశాసన శ్లోకాన్నే తీసుకోండి. అందులో సంవత్సరం అంకెలలో ఉండదు, ‘వేదాంబురాశినిధి’ అని ఉంటుంది. వేదాలు నాలుగు, సముద్రాలు నాలుగు, నిధులు తొమ్మిది. వీటిని కుడి నుంచి ఎడమకు పేర్చితే శక సంవత్సరం 944 అవుతుంది. ఆపైన సూర్యుడు సింహరాశిలో ఉన్నాడని, కృష్ణపక్ష విదియ అని, ఉత్తరాభాద్ర నక్షత్రమని, గురువారమని, తులాలగ్నమని (అంటే తూర్పున తులారాశి ఉదయిస్తున్న వేళ అని) వరుసగా చెబుతాడు కవి. నెల పేరు చెప్పలేదు, చెప్పవలసిన అవసరమూ లేదు. ఆ ఏడు సూర్యుడు సింహంలో ఉన్నన్నాళ్లలో బహుళ విదియ ఒక్కసారే వచ్చింది. 944కు 78 కలిపి లెక్క కడితే సా.శ. 1022 ఆగస్టు 16 తేలుతుంది, అది గురువారమే. ఆ రోజుల్లో తులాలగ్నం సూర్యోదయమైన సుమారు మూడు గంటలకు మొదలవుతుంది కనుక, వెయ్యేళ్ల కిందటి ఆ ముహూర్తాన్ని ఉదయపు రెండు గంటల వ్యవధిలోకి తేగలుగుతున్నాం. ఇంత ఇరుకైన చోటును చూపించే శాసనాలు అరుదు.

ఇక్కడ చిక్కంతా 78 కలపాలా, 77 కలపాలా అన్న దగ్గర ఉంది. శాసనకర్త గతించిన ఏళ్లను లెక్కించాడా (అప్పుడు 78), నడుస్తున్న ఏడును లెక్కించాడా (అప్పుడు 77) అన్నది చాలా శాసనాలలో విప్పి చెప్పి ఉండదు. కోరుమిల్లి శాసనానికి 77 కలిపి 1021లో వెతికితే వారమూ నక్షత్రమూ కలిసి రావు, అందుకే ఆ దారి మూసుకుపోతుంది. నా దృష్టిలో అన్నిటికన్నా నమ్మదగిన సాక్షి వారమే. తిథి 20 గంటలకే ముగియవచ్చు, 26 గంటలు దాటి కూడా సాగవచ్చు. ఏ జ్యోతిష గణిత సిద్ధాంతం ప్రకారం గణించారన్నదాన్ని బట్టి ఒక రోజు అటూ ఇటూ కూడా కావచ్చు. వారాల వరుస మాత్రం ఎక్కడా తెగకుండా నడిచి వచ్చింది.

వారం, శకం రెండూ లేకుండా ప్రభవాది సంవత్సరాల పేరొక్కటే మిగిలితే పని కష్టమవుతుంది. రాయలసీమ పెద్దలు చెప్పుకునే ధాత కరువు 1876లో మొదలైనది; 1936లోనూ 1996లోనూ మళ్లీ ధాత సంవత్సరాలే వచ్చాయి. గుంటూరు ప్రాంతాన్ని ఖాళీ చేసిన నందన కరువు 1832 నాటిది. పేరు ఒక్కటే తెలిసినప్పుడు ఏ అరవై ఏళ్ల ఆవృత్తి అన్నది రాజు పేరో, దొర పేరో, పాత దస్తావేజో చెప్పాలి. రెవెన్యూ కాగితాలలోనైతే ఫసలీ (పంటల లెక్కన నడిచే రెవెన్యూ సంవత్సరం) అంకె ఉంటుంది, దానికి 590 కలిపితే చాలు.

కంప్యూటరు వచ్చాక ఒక కొత్త ఇబ్బంది కూడా చేరింది. 1022 ఆగస్టు 16 అన్నది పాత జూలియన్ క్యాలెండరు లెక్క. ఇప్పుడు మనం వాడే గ్రెగోరియన్ పద్ధతినే వెనక్కి పొడిగించే సాఫ్ట్‌వేర్‌లో అదే తేదీని ఇస్తే శుక్రవారం అని వస్తుంది, ఎందుకంటే ఆ శతాబ్దంలో రెండిటికీ ఆరు రోజుల తేడా ఉంది. అది చూసి శాసనమే తప్పన్నవారిని నేను ఎరుగుదును. అందుకే అటువంటి వృత్తి నిజంగా ఏర్పడితే మొదటి నియమంగా నేను కోరేది ఒకటే: మార్చిన తేదీని ఒంటరిగా ప్రచురించకూడదు, మూలంలోని మాటలనూ లెక్క కట్టిన పద్ధతినీ దాని పక్కనే ఉంచాలి. తొలి తెలుగు శాసనంగా చెప్పే కలమళ్ల శాసనానికి సుమారు సా.శ. 575 అని రాస్తాం, కాని అందులో తేదీ లేదు, ఆ అంచనా ప్రధానంగా లిపిని బట్టి వేసినది. పటంలో దానిని చుక్కగా కాక వెడల్పైన పట్టీగా గీయడమే న్యాయం.

మీకు ఆసక్తి ఉంటే మీ ఊరి గుడిలోని తేదీ ఉన్న శాసనంతో మొదలుపెట్టండి. సా.శ. 700 నుంచి 1799 వరకు ఎల్.డి. స్వామికన్ను పిళ్ళై సిద్ధం చేసిన పట్టికలు ఇప్పటికీ పనికి వస్తాయి. వారం కలవకపోతే వెంటనే శాసనాన్ని తప్పుపట్టకుండా, గతించిన ఏళ్ల లెక్కనూ నడుస్తున్న ఏటి లెక్కనూ రెండూ వేసి చూడండి. తరువాత ఆ తిథి సూర్యోదయ వేళకు ఉందా, పగటిపూట మొదలైందా అన్నది సరిచూడండి.