లాకరులో నగలు: జాబితా పెంచితే అసలుకే ఎసరు

ప్రశ్న: మాది గుంటూరు. 2018లో విజయవాడ సంబంధం చేశారు. అత్తగారి వేధింపులు భరించలేక 2021లో పుట్టింటికి వచ్చేశాను. పెళ్లికి పెట్టిన 42 కాసుల బంగారం అత్తగారు, మా ఆయన పేర్ల మీదున్న లాకరులో ఉంది. పెద్దమనుషుల్లో అడిగితే ఇచ్చేది లేదన్నారు. ఇన్నేళ్లయ్యాక కేసు చెల్లుతుందా? 60 కాసులని రాస్తే బేరంలో 40 అయినా వస్తాయని అన్నయ్య అంటున్నాడు.

జవాబు: అమ్మా, మీ ఉత్తరం నాలుగు పేజీలుంటే మూడున్నర పేజీలు అత్తగారి మాటలే. కేసుకు పనికొచ్చే ముక్క ఒక్కటే, నగలు లాకరులో ఉన్నాయన్నది. ఏ బ్యాంకు, ఏ బ్రాంచి? మీ చేతి నుంచి ఎవరి చేతికి, ఎప్పుడు వెళ్లాయి? అది రాయలేదు. స్త్రీధనం, అంటే పెళ్లికి మీకు పెట్టిన ఇలాంటి సొత్తు, భార్యదేనని సుప్రీంకోర్టు 1985లోనే తేల్చింది, దాని మీద వాదన ఉండదు. “వెళ్లేటప్పుడు నగలన్నీ పెట్టుకునే వెళ్లింది” అంటారు అవతలివాళ్లు. ఆ ఒక్క మాటకు మీ దగ్గర రుజువుందా లేదా అన్నదాని మీదే కేసు తేలుతుంది.

గడువు సంగతి. గృహహింస చట్టం 12వ సెక్షన్ కింద పిటిషన్ వేయడానికి క్రిమినల్ కేసుల కాలపరిమితి వర్తించదని 2022లో సుప్రీంకోర్టు చెప్పింది. పైగా స్త్రీధనం ఇవ్వకుండా అట్టే పెట్టుకోవడం అదే చట్టం 3వ సెక్షన్ ప్రకారం ఆర్థిక హింస. కాబట్టి ఈ దారి మూసుకుపోలేదు. సివిల్ దావా అలా కాదు. దాచమని ఇచ్చిన వస్తువును అడిగినప్పుడు కాదన్న రోజు నుంచి 3 ఏళ్లే. పెద్దమనుషుల్లో కాదన్న తేదీ మీరు రాయకపోవడం చిన్న పొరపాటు కాదు. అక్కడ కూర్చున్న ఇద్దరిని అడిగి ఇవాళే తేదీ రాసి పెట్టుకోండి. వాళ్లే రేపు మీ సాక్షులు.

అన్నయ్య సలహా మాత్రం చెవిన వేసుకోవద్దు. జాబితాను బలపరుస్తూ మీరు ప్రమాణపత్రం మీద సంతకం చేస్తారు. 60 కాసులంటే 480 గ్రాములు. బిల్లులు, ఫొటోలు 336 గ్రాములే చూపిస్తే, మిగతా 144 గ్రాములకు డబ్బెక్కడిదని మీ నాన్నగారిని బోనులో అడుగుతారు. ఒక్క వస్తువు అబద్ధమని తేలితే నిజమైన 42 కాసుల మీదా అనుమానం పడుతుంది. ఇలాంటి వివాదాల్లో అనుమానానికి అతీతంగా రుజువు చేయక్కర్లేదు, ఏది ఎక్కువ నమ్మదగినదో చూస్తే చాలని 2024లో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ వెసులుబాటును చేజేతులా పోగొట్టుకోకండి.

జాబితా వస్తువు వారీగా రాయండి: హారం, వడ్డాణం, వంకీ, గాజులు, ఎదురుగా బరువు, బిల్లు, పెళ్లి ఆల్బంలో అది కనిపించే ఫొటో నంబరు. బిల్లు పోతే కొన్న షాపులో నకలు అడగండి. ఆడపడుచు లాంఛనాలు మీ జాబితాలో చేర్చకండి, అవి ఆమెకిచ్చినవి. మంచం, బీరువాల కోసం పంతాలకు పోతే నెలలు దండగ. నగలు లాకరులో పెట్టామని మీ ఆయన పెట్టిన వాట్సాప్ మెసేజి ఒక్కటున్నా బంగారం లాంటి సాక్ష్యమే. ఆ ఫోను అమ్మకండి. దాన్ని కోర్టులో పెట్టాలంటే భారతీయ సాక్ష్య అధినియమం 63(4) కింద సర్టిఫికెట్ కావాలి. అందులో ఒక భాగం మీరు, రెండోది నిపుణుడు నింపాలి.

ముందుగా లీగల్ నోటీసు పంపకండి. అది చేరిన మర్నాడే లాకరు ఖాళీ అవుతుంది. మీరు గుంటూరులో ఉంటున్నారు కాబట్టి గృహహింస చట్టం 27వ సెక్షన్ ప్రకారం ఇక్కడి మెజిస్ట్రేట్ కోర్టులోనే పిటిషన్ వేయవచ్చు, విజయవాడ తిరగక్కర్లేదు. అత్తగారినీ ప్రతివాదిగా చేర్చవచ్చు. రెండూ అడగండి: 19(8) కింద నగలు అప్పగించాలని, 18 కింద లాకరు తెరవకూడదని రక్షణ ఉత్తర్వు ఇవ్వాలని. జైలు శిక్ష చెప్పే 31వ సెక్షన్ రక్షణ ఉత్తర్వు ఉల్లంఘనకే కాబట్టి 19(8) ఒక్కటే అడిగితే పట్టు ఉండదు. దాంతోపాటే 23వ సెక్షన్ కింద, అవతలివాళ్లను వినకముందే మధ్యంతర ఉత్తర్వు కోసం ఫారం 3లో ప్రమాణపత్రం వేయండి. 60 రోజుల్లో తేల్చే ప్రయత్నం చేయాలని చట్టంలో ఉన్నా ఆ లెక్కను నమ్ముకోకండి. మిమ్మల్ని కాపాడేది ఈ మధ్యంతర ఉత్తర్వే.

వకీలు ఫీజు భారమైతే జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు వెళ్లండి. ఆదాయంతో నిమిత్తం లేకుండా మహిళలకు ఉచితంగా వకీలును ఇస్తారు. ఉత్తర్వు వచ్చిన రోజే నకలుకు దరఖాస్తు పెట్టి, చేతికి రాగానే విజయవాడ బస్సెక్కండి. బ్యాంకు మేనేజరుకిచ్చి, అందినట్లు ముద్ర, తేదీ, సంతకం తీసుకోండి.