సినిమాల్లోనూ టీవీలోనూ చాలాకాలం రాణించిన క్యారెక్టర్ నటుల్లో మీకు నచ్చినవారు ఎవరు? ఎందుకు?

గొల్లపూడి మారుతీరావు గారు. ఇంకెవరి పేరూ ఆలోచించను.

నటుడిగా ఆయన తొలి సినిమా ‘ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య’ 1982లో వచ్చింది. అప్పటికి ఆయనకు నలభై దాటాయి. ఆ తర్వాత రెండువందల యాభైకి పైగా సినిమాలు చేశారు. అంత ఆలస్యంగా వచ్చి అంత దూరం ఎలా వెళ్లారని అడిగేవాళ్లు ఆయన వెనక ఉన్న రెండు దశాబ్దాల ఆకాశవాణి ఉద్యోగాన్ని మరిచిపోతారు. నాటకాలు రాశారు, ‘డాక్టర్ చక్రవర్తి’ (1964) నుంచి సినిమాలకూ రాశారు. నా దృష్టిలో ఆయన నటనంతా అక్కడే తయారైంది.

ఈ మాట ఊరికే అనడం లేదు. మా ఆఫీసు రిక్రియేషన్ క్లబ్బు తరఫున ఆయన ‘కళ్ళు’ నాటిక వేశాం. గుడ్డి బిచ్చగాళ్ల కథ, 1988లో ఎం.వి. రఘు గారు సినిమాగా తీసింది అదే. నాకొచ్చింది చిన్న వేషం. గుడ్డివాడిగా నిలబడితే చూపుతో చేసే నటనంతా పోతుంది, మిగిలేది గొంతొక్కటే. అదృష్టవశాత్తూ ఆ మాటలు అలాగే రాసి ఉన్నాయి: ఊపిరి ఎక్కడ ఆగుతుందో వాక్యమూ అక్కడే ఆగుతుంది. రేడియోలో పనిచేసిన మనిషి రాత అది.

ఆ తర్వాత ఆయన సినిమాలు చూస్తే వేరే సంగతులు వినిపించాయి. మొదటి సినిమాలోని దుర్మార్గుడు గొంతు పెంచి భయపెట్టడు, నవ్వుతూ, సాగదీస్తూ మెత్తగా గోతులు తీస్తాడు. ‘సంసారం ఒక చదరంగం’ (1987)లో కొడుకుతో తెగతెంపులు చేసుకుని ఇంటి మధ్య గీత గీసే తండ్రికీ అదే గొంతు. కానీ అక్కడ పౌరుషం వెనక బాధ తొంగిచూస్తుంది. ఇద్దరూ ఒకే మనిషని నమ్మబుద్ధి కాదు. అయితే ఆయన్ని ఒకే రకం జిత్తులమారి వేషాల్లోకి నెట్టిన దర్శకులూ తక్కువేమీ కాదు. అలాంటివి చూస్తే నాకు ఇప్పటికీ చిరాకే.

టీవీలో ‘మనసున మనసై’ కార్యక్రమంలో కుటుంబ సమస్యలకు సలహాలు చెప్పేవారు. “సినిమాల్లో కాపురాలు కూల్చేది ఈయనే, ఇక్కడ నిలబెట్టేదీ ఈయనేనా!” అని విసుక్కుంటూనే మా అమ్మ చివరిదాకా చూసేది.

‘లీడర్’ (2010), ‘కంచె’ (2015) దాకా నటిస్తూనే ఉన్నారు. 2019 డిసెంబరులో చెన్నైలో కన్నుమూశారు.

కొత్తగా చూడాలనుకుంటే ‘సంసారం ఒక చదరంగం’తో మొదలుపెట్టండి. ఒక్క సన్నివేశమైనా తెరవైపు చూడకుండా వినండి.