నాలుగు గంటల్లో కొచ్చి: ఓడ దిగి రాయబోయే తమ్ముడికి

తమ్ముడూ,

ముంబైలో క్రూయిజ్ ఎక్కుతున్నావనీ, ఓడ కొచ్చిలో ఆగిన పూట విడిగా ఒక గైడును మాట్లాడుకుని ఊరు చూసి వ్యాసం రాస్తావనీ నీ ఉత్తరంలో చదివి సంతోషించాను. ఎలా మొదలుపెట్టాలని అడిగావు. ఇలాంటి వ్యాసానికి సగం పని ఓడ ఎక్కకముందే అయిపోవాలి. అందుకే తిరగడం గురించీ రాయడం గురించీ కలిపే చెబుతాను.

నీ వ్యాసం చదివినవాళ్లలో కొందరు దాన్ని నమ్ముకుని అదే రేవులో దిగుతారు. రిటైరైన మాస్టారు ఉంటారు, మోకాళ్ల నొప్పులతో వాళ్లావిడ ఉంటారు. సముద్రం ఎంత నీలంగా ఉందో వాళ్లు కళ్లారా చూసుకుంటారు. ఎన్నింటికి దిగాలి, ఎన్ని చూడొచ్చు, ఎన్నింటికల్లా వెనుదిరగాలి అన్నది మాత్రం నువ్వే చెప్పాలి. రేవు నుంచి చేసే చిన్న ప్రయాణం మీద రాసే వ్యాసానికి గడియారమే వెన్నెముక.

లెక్క చివరి నుంచి మొదలుపెట్టు. ఓడ కదిలే సమయం వేరు, అందరూ లోపల ఉండాల్సిన సమయం వేరు. రెండోది మామూలుగా అరగంట నుంచి గంట ముందుంటుంది. ముందురోజు రాత్రి గదికి వచ్చే కాగితంలోనో ఓడ యాప్‌లోనో కనిపిస్తుంది. సాయంత్రం 4:30కి అందరూ ఎక్కాలని ఉంటే నువ్వు 3 గంటలకల్లా రేవు గేటు దగ్గర ఉండేట్టు చూసుకో. చేతిలో ఉంచుకున్న ఆ గంటన్నరను ఇంకో చోటు చూడ్డానికి వాడుకుందామని గైడు ఆశపెట్టినా ఒప్పుకోకు.

ఓడవాళ్లు అమ్మే టూరు ఆలస్యమైతే ఓడ ఆగుతుంది. మనం విడిగా మాట్లాడుకున్న టూరు ఆలస్యమైతే ఆగదు. ఈ రెండు వాక్యాలు నీ వ్యాసంలో మొదటి పేరాల్లోనే రావాలి. ఓడ తప్పిపోతే తర్వాతి రేవుకు సొంత ఖర్చుతో చేరుకోవాలి. ఆ తర్వాతి మజిలీ లక్షద్వీప్ అయితే అనుమతి పత్రం లేకుండా అదీ కుదరదు. అందుకే దిగేటప్పుడు గుర్తింపు కార్డు, ఓడ కార్డు, కొంత డబ్బు, రోజూ వేసుకునే మందులు దగ్గరుండాలి. ఆరోజు కాగితం మీద రేవులో ఓడ తరఫు ఏజెంటు ఫోన్ నంబరు ఉంటుంది, దాన్ని ఫోటో తీసి పెట్టుకోమని కూడా పాఠకుడికి చెప్పు.

ఇంకో చిక్కు గడియారాలది. నువ్వు ముంబై నుంచి వస్తున్నావు కాబట్టి నీకు ఇబ్బంది లేదు. దుబాయ్ నుంచో మాల్దీవుల నుంచో వచ్చే ఓడల్లో మన తెలుగువాళ్లు చాలామంది ఉంటారు, వాళ్ల కోసం రాయి. మాల్దీవుల రాజధాని మాలెలో సమయం మన కంటే అరగంట వెనక. ఓడలో గడియారం మార్చకపోతే, ఓడ లెక్కన తొమ్మిదింటికి కిందికి వచ్చినవాళ్లకు గేటు దగ్గర గైడు గడియారం తొమ్మిదిన్నర చూపిస్తుంది. నాలుగు గంటల టూరులో అరగంట పోయినట్టే. పైగా విదేశం నుంచి వచ్చే ఓడలో ఇమ్మిగ్రేషన్ తనిఖీ ఉంటుంది. అమెరికా పాస్‌పోర్టు ఉన్నవాళ్లకు ఓసీఐ కార్డు (విదేశీ పౌరులైన భారత సంతతివాళ్లకు మన ప్రభుత్వం ఇచ్చేది) గానీ వీసా గానీ కావాలి. ఆ వరస ఎంతసేపు పడుతుందో ఎవరూ ముందుగా చెప్పలేరు. ఓడ రేవుకు తగిలిన గంటన్నర తర్వాతే గైడును రమ్మనడం మంచిది.

ఇప్పుడు స్థలం సంగతి. ఓడ ఆగేది విల్లింగ్డన్ దీవి దగ్గర. 1920లలో, 30లలో రాబర్ట్ బ్రిస్టో అనే ఇంజనీరు ఆధ్వర్యంలో సముద్రపు మట్టి తవ్విపోసి పెంచిన దీవి అది. అక్కడి సాగరిక టెర్మినల్‌ను 2021లో ప్రారంభించారు. డెక్ మీద నిలబడితే నీటికి అవతల పాత ఊళ్లోని మట్టాంచేరి పేట దగ్గరగానే కనిపిస్తుంది. రోడ్డు మీద మాత్రం తోప్పుంపడి వంతెనలు దాటి చుట్టూ తిరిగి వెళ్లాలి. ఫోర్ట్ కొచ్చికి దాదాపు తొమ్మిది, పది కిలోమీటర్లు, మామూలుగా అరగంట. బండ్ల రాకపోకలన్నీ ఆ వంతెనల మీదే కాబట్టి అక్కడ ట్రాఫిక్ బిగుసుకుంటే రోడ్డున పక్కదారి ఉండదు. కంటికి కనిపించే దూరం వేరు, పట్టే సమయం వేరు అని చెప్పడానికి ఇంతకంటే మంచి చోటు లేదు, వదులుకోకు.

అలెప్పీ పడవలు కూడా చూద్దామని చాలామందికి ఉంటుంది. పోనూ రానూ నూరు కిలోమీటర్ల పైమాటే, రోడ్డు మీదే మూడు గంటలు పోతాయి. నా మాట విని ఈసారికి ఫోర్ట్ కొచ్చి, మట్టాంచేరి చాలనుకో. నాలుగే నాలుగు చోట్లు, ఒక్కో చోట కాలు నిలిపి చూడు. పది చోట్ల ముందు సెల్ఫీ దిగినవాళ్లకు రాయడానికి ఏమీ మిగలదు.

ఏ వారం దిగుతున్నావో చూసుకున్నావా? శుక్రవారం మట్టాంచేరి ప్యాలెస్ మూసి ఉంటుంది. శనివారం సినగాగ్, అంటే యూదుల ప్రార్థనాలయం, మూస్తారు, శుక్రవారం మధ్యాహ్నం కూడా దాని మీద ఆశ పెట్టుకోవద్దు. ఆదివారం పొద్దున సెయింట్ ఫ్రాన్సిస్ చర్చిలో ప్రార్థనలుంటాయి. సినగాగ్ మామూలు రోజుల్లో కూడా మధ్యాహ్నం రెండు గంటలు మూస్తారు. కాబట్టి భోజనానికి ముందే అది అయిపోయేట్టు వరస పెట్టుకోవాలి. ఈ వారాల పట్టీ నీ వ్యాసంలో తప్పకుండా ఉండాలి. తలుపులకు తాళాలు చూసి వెనక్కి వచ్చే యాత్రికుల్లో ఎక్కువమంది ఈ చిన్న లెక్క చూసుకోనివాళ్లే.

గైడును కనీసం రెండు వారాల ముందు మాట్లాడుకో. పర్యాటక శాఖ ఇచ్చిన ఫోటో కార్డు ఉందేమో అడుగు. బండికి పసుపు నంబరు ప్లేటు ఉండాలి, తెల్ల ప్లేటు బండి అద్దెకు తిప్పకూడదు. మాటలు ఫోన్లో అయినా ఒప్పందం మాత్రం మెసేజ్‌లో రాయించుకో: ఓడ పేరు, తేదీ, ఎందరం, ఎవరికైనా మెట్లు ఎక్కడం కష్టమా, ఎన్నింటి నుంచి ఎన్నింటి దాకా, మొత్తం ఎంత, అందులో బండి, పార్కింగు, టికెట్లు, గైడు రుసుము అన్నీ కలిశాయా, అదనపు గంటకు ఎంత. వాతావరణం బాగాలేక ఓడ కొచ్చికి రాకపోతే అడ్వాన్సు తిరిగి ఇస్తారా అన్న ప్రశ్నకు జవాబు కూడా రాతలో ఉండాలి. గేటు బయట కలుస్తారా, లోపల కలుస్తారా అన్నది తేల్చుకో. రేవులోకి ప్రతి బండినీ రానివ్వరు. విదేశీ సిమ్ ఉన్నవాళ్లకు ఓడ వైఫై దాటగానే ఫోన్ మూగబోతుంది కాబట్టి కలిసే చోటు ఫోటో ముందే తెప్పించుకోవాలి.

ఓడ రేవులోకి వచ్చే వేళకు డెక్ మీద కుడిపక్క ఉండు. వైపిన్ దీవి ఎడమకు, ఫోర్ట్ కొచ్చి కుడికి వస్తాయి. ఒడ్డున చీనా వలలు పైనుంచి కనిపిస్తాయి. దిగాక అవే వలల కింద నిలబడి చూస్తావు.

ఆ వలను ఊరికే ‘అద్భుతం’ అని రాసి వదిలేయకు. అది పనిచేసే తీరు చూడు. టేకు దూలాలు, వెదురు బొంగులు, చివర పరిచిన వల. వెనక తాళ్లకు రాళ్లు కట్టి ఉంటాయి, ఒక్కో తాడు ఒక్కో పొడవు. ఒకతను దూలం మీద నీళ్ల వైపు నడిస్తే ఆ బరువుకే వల దిగుతుంది. నలుగురైదుగురు తాళ్లు లాగితే వల లేస్తుంది. లేచేకొద్దీ రాళ్లు ఒకటి తర్వాత ఒకటి చెక్కల మీద ఆనుతూ తూకం కుదురుస్తాయి. అందుకే అంత పెద్ద వలను అంత కొద్దిమంది ఎత్తగలుగుతున్నారు. వల నీళ్లలో ఉండేది కాసేపే, పడేది కూడా తరచు కొద్ది చేపలే. తాడు లాగుదువు గానీ రమ్మని నిన్నూ పిలుస్తారు. వెళ్లు, లాగు, కానీ డబ్బులెంతో ముందే అడుగు. ఈ వలలు చైనా నుంచి ఎవరి కాలంలో వచ్చాయన్న దాని మీద ఒక్కో గైడు ఒక్కో కథ చెబుతాడు. ‘అంటారు’ అనే క్రియ వాడు, తేల్చి చెప్పకు.

సెయింట్ ఫ్రాన్సిస్ చర్చి తేదీలు జాగ్రత్త. 1503లో పోర్చుగీసువాళ్లు కట్టింది చెక్క చర్చి. ఇప్పుడున్న కట్టడం 1516 నాటికి పూర్తయింది. తర్వాత డచ్చివాళ్ల చేతికీ, ఇంగ్లీషువాళ్ల చేతికీ వెళ్లి ఇప్పుడు దక్షిణ భారత చర్చి కింద ఉంది. వాస్కో డ గామా 1498లో దిగింది కోళికోడ్ (కాలికట్) దగ్గర. ఆయన చనిపోయింది మాత్రం 1524 డిసెంబరులో, ఈ కొచ్చిలో. ఇక్కడే పూడ్చారు, కొన్నేళ్లకు అస్థికలు పోర్చుగల్‌కు తీసుకెళ్లారు. ఇప్పుడు చూపించే రాయి కింద ఏమీ లేదు. ఈ రెండూళ్లనూ కలగలిపేసిన వ్యాసాలు చాలా వస్తున్నాయి, నీది వాటిలో చేరకూడదు. తలెత్తి పైనుంచి వేలాడే పొడవాటి గుడ్డ పంకాలను చూడు. బయట కూర్చుని తాడు లాగే మనిషి ఉంటేనే లోపల గాలి ఆడేది.

దారిలో ధోబీఖానా దగ్గర పావుగంట ఆగు. తరతరాలుగా ఇక్కడే ఉన్న తమిళ కుటుంబాలది అది. బట్టలు ఆరేసే దండేలకు క్లిప్పులుండవు. రెండు పేటల తాడు మెలికల్లో బట్ట అంచు దూర్చేస్తారు, గాలికి ఊగుతుందే గానీ జారదు. ఫోటో తీసే ముందు అడుగు. వాళ్లది పనివేళ, నీది విహారం.

ప్యాలెస్‌ను డచ్ ప్యాలెస్ అంటారు గానీ 1555 ప్రాంతంలో కట్టించి కొచ్చి రాజుకు ఇచ్చింది పోర్చుగీసువాళ్లు. డచ్చివాళ్లు 1663లో బాగుచేయించారు. చూడాల్సినవి ఎక్కువగా పై అంతస్తులో ఉన్నాయి, మెట్లెక్కాలి. ఎన్ని మెట్లో లెక్కపెట్టి రాయి, ఆ మాస్టారి భార్య కోసం. రాజుగారి పడకగది గోడల నిండా రామాయణం. పుత్రకామేష్టి నుంచి రాముడు సీతతో తిరిగి రావడం దాకా కథ మనకు తెలిసిందే కాబట్టి గైడును కథ చెప్పమనకు, ఏ గోడ నుంచి ఏ గోడకు చదువుకోవాలో చూపించమను. లోపల వెలుతురు తక్కువ, ఫోటోల మీద ఆధారపడకు. ఒక్క బొమ్మ ముందు పది నిమిషాలు నిలబడి, ఎవరు ఎటు చూస్తున్నారో, కనుబొమల వంపు, ఆకుపచ్చ ఎక్కడ వేశారో, ఎరుపు ఎక్కడ వేశారో నోటుబుక్కులో రాసుకో. వ్యాసంలో పాఠకుడు ఊపిరి తీసుకుని ఆగేది అక్కడే.

అక్కడి నుంచి సినగాగ్‌కు నడకే, బండి సందులోకి రాదు. 1568లో కట్టారు. గడియార స్తంభం 1760 నాటిది, దాని మీద హీబ్రూ, రోమన్, మలయాళ అంకెలు ఒక్కో ముఖానికి ఒక్కో రకం. చెప్పులు విడవాలి, నిక్కర్లతో రానివ్వరు. నేల మీద చైనా నుంచి తెప్పించిన పలకలు, తెలుపు మీద నీలం, చేత్తో వేసిన బొమ్మలు. ఏ రెండూ ఒకేలా ఉండవని చెబుతారు. పక్కపక్క పలకలు రెండు తీసుకుని నీ కళ్లతో పోల్చి చూడు, తేడా ఏమిటో రాయి.

ఆ సందులోనే నీ టైము తినేసే దుకాణాలున్నాయి. గైడుకో డ్రైవరుకో కమీషన్ వచ్చే షోరూములో అడుగుపెడితే నలభై నిమిషాలు తెలియకుండా పోతాయి. వద్దని ముందు మెసేజ్‌లోనే రాయి, అదనంగా కొంత ఇస్తాననీ చెప్పు. సందు చివర్న, బజారు రోడ్డు మీద పాత మిరియాల, శొంఠి గోదాముల వాసన చాలు. కొనదలిస్తే చిన్న కిరాణాలో వంద గ్రాములు కొనుక్కో.

ఇక నోటుబుక్కు. ప్రతి పేజీకి ఎడమ పక్క అంచు వదిలి అక్కడ సమయాలు మాత్రమే రాయి: బండి కదిలింది, ఆగింది, టికెట్టు దొరికింది, బయటికొచ్చాం. మరుగుదొడ్డి ఎక్కడ, నీడ ఎక్కడ, కూర్చునే అరుగు ఎక్కడ, అవీ అక్కడే. పేజీలో మిగతా భాగంలో నువ్వు చూసింది, గైడు చెప్పింది వేరు వేరు గుర్తులతో రాయి. గైడు చెప్పినవాటిలో తేదీలూ పేర్లూ ఇంటికొచ్చాక సరిచూసుకున్నాకే వ్యాసంలోకి రానివ్వు. గైడు పేరు ఆయన ఒప్పుకుంటేనే వెయ్యి. ధరలు రాస్తే పక్కన నెల, సంవత్సరం వెయ్యి.

రాసేటప్పుడు ‘తర్వాత అక్కడికి వెళ్లాం, తర్వాత ఇక్కడికి వచ్చాం’ అనే వరస పెట్టకు. వరస కావాల్సినవాళ్లకు చివర్లో ఐదు వరసల సమయపట్టిక ఇస్తే చాలు. పైన వ్యాసమంతా ఆ వలకూ, ఆ గోడ బొమ్మకూ వదిలెయ్యి. చర్చికి రెండు పేరాలు మించితే కత్తెర వెయ్యి. ఆ చరిత్ర దొరకని చోటంటూ లేదు.

చిత్తుప్రతి పంపేటప్పుడు ఎడమ అంచులో సమయాలు రాసిన పేజీల ఫోటోలు కూడా పంపు. నీ పట్టికకూ వాటికీ పొంతన కుదిరిందో లేదో ముందు అదే చూస్తాను. వాక్యాల సంగతి ఆ తర్వాత మాట్లాడుకుందాం.

ఆశీస్సులతో,
మీ అన్నయ్య